సీసాలో పెరిగిన మాత్రలు

"సూదికేమైనా కాళ్ళొచ్చాయా, నడిచిపోవడానికి?" అంది వాసవాంబ, కాఫీ గ్లాసు గట్టు మీద చప్పుడయ్యేలా పెట్టి.

"కాళ్ళు రాలేదు కాబట్టే అడుగుతున్నా అత్తయ్యా. నిన్న దారపుండకే గుచ్చి పెట్టా. ఇప్పుడు చూస్తే ఉండ ఉంది, సూది లేదు," అంది కోడలు పరమేశ్వరి.

"అయితే నేను తిన్నానంటావా?"

"తిన్నారనలేదు. తీశారేమోనని."

"నా కళ్ళకి సూదిబెజ్జం కనపడక ఎన్నాళ్ళయిందో నీకు తెలీదూ? తీసి నేనేం చేసుకుంటా?"

పెరట్లో మొహం కడుక్కుంటున్న రామకోటేశ్వరరావు తువ్వాలు భుజాన వేసుకుని లోపలికి వచ్చాడు. "పొద్దున్నే ఏమిటీ గోల? కొట్లో దబ్బనాలు బోలెడున్నాయి, ఒకటి పంపిస్తా."

"గోనె సంచులు కుట్టే దబ్బనంతో మీ చొక్కా గుండీలు కుట్టమంటారా?" అంది పరమేశ్వరి.

"కుట్టు. గట్టిగా ఉంటాయి."

వసారాలో పడక కుర్చీలో కూర్చున్న దశరథరామయ్య పకపకా నవ్వాడు. వాసవాంబ నవ్వలేదు. "పొద్దు పొడవగానే సూది మాట ఎత్తితే ఇంట్లో పోట్లాటలే," అని గొణుక్కుంటూ వంటింట్లోకి వెళ్ళిపోయింది. ఆ ఇంట్లో సూదిని ఎవరూ ఎవరి చేతికీ అందివ్వరు. నేల మీద పెడితే రెండో మనిషి తీసుకోవాలి. అలా పెట్టకపోతే ఇద్దరికీ గొడవలొస్తాయని వాసవాంబ నమ్మకం.

జగ్గయ్యపేట బజారులో దశరథరామయ్యది కందులు, మిరపకాయల టోకు కొట్టు. ఆ ఇంట్లో సన్నసూది ఒక్కటే ఉండేది. అది పోయినందుకు పరమేశ్వరి అంతగా వెతకడానికి చొక్కా గుండీ ఒక్కటే కారణం కాదు. మధ్యాహ్నం ఆమె మాత్రకి కూడా ఆ సూదే కావాలి.

పరమేశ్వరి పూర్తి పేరు కన్యకాపరమేశ్వరి. పుట్టిల్లు నందిగామ. ఈ ఇంటికి వచ్చాక రెండుసార్లు కడుపు నిలవలేదు. రెండోసారి తర్వాత నందిగామ డాక్టరు జగన్నాథరావు గారు ఆమెకి విటమిన్ ఇ మాత్రలు రాశారు. తేనెరంగులో, గోళీల్లా, వెలుగుకి పట్టి చూస్తే లోపల నూనె మెరిసే మాత్రలు. "వీటితో నిలుస్తుందని నేను హామీ ఇవ్వను. కొందరికి పనికొచ్చిందంటున్నారు, ప్రయత్నం చేద్దాం. రోజుకి ఒకటే. పరగడుపున వద్దు. ఇది నూనెలో కరిగే మందు, నెయ్యో నూనో ఉన్న అన్నంతో పడితేనే వంటబడుతుంది," అని చెప్పారాయన.

అప్పుడు పక్కనే ఉన్న వాసవాంబకి ఒక అనుమానం వచ్చింది. "ఆ పైతొక్క దేంతో చేస్తారండీ?"

డాక్టరు గారు దాచలేదు. జంతువుల ఎముకల నుంచీ చర్మం నుంచీ తీసిన జిగురు అని చెప్పారు.

ఉల్లిపాయే వంటింటి గడప దాటని ఇల్లు వాళ్ళది. వాసవాంబ ముక్కు మీద కొంగు పెట్టుకుంది. చివరికి డాక్టరు గారే దారి చూపించారు. సూదితో తొక్క పొడిచి, లోపలి నూనె అన్నం మీద పిండుకుని, తొక్క అవతల పారెయ్యమన్నారు. ఆ రోజు నుంచీ మధ్యాహ్నం మొదటి ముద్దకి వాసవాంబే కోడలికి ధారగా నెయ్యి పోసేది. పరమేశ్వరి సూదితో మాత్ర పొడిచి ఆ ముద్ద మీద పిండుకునేది. అత్తాకోడళ్ళ మధ్య ఉన్న కాస్త చనువూ ఆ ముద్ద దగ్గరే పుట్టింది.

అయితే దానితో ఇంకో సంగతి కూడా జరిగింది. ఆ ఇంట్లో మందు అంటే తేనెలో రంగరించి, మొహం చిట్లించుకుని, భోజనానికి ముందో వెనకో నాకేది. నేతి అన్నంలో కలిసిపోయేది ఎవరికీ మందుగా తోచలేదు. అది బలం. నెయ్యి లాంటిదే, పాల లాంటిదే.

అసలు మందు దశరథరామయ్యది. కిందటేడు ఆయన కాలి నరంలో రక్తం గడ్డకట్టి, బెజవాడ పెద్దాసుపత్రిలో పడుకోవాల్సి వచ్చింది. అప్పటి నుంచీ రక్తం పలచగా ఉంచే బిళ్ళ వేసుకుంటున్నాడు. జగన్నాథరావు గారే దాన్నీ చూస్తున్నారు. చిగుళ్ళ నుంచి రక్తం కారినా, ఒంటి మీద కమిలిన మచ్చలు కనిపించినా వెంటనే కబురు చెయ్యమని ఆయన హెచ్చరించారు. నెలల తరబడి ఏ ఇబ్బందీ లేదు. ఇప్పుడు, సూది పోవడానికి కొద్ది రోజుల ముందు నుంచీ, ఆయన ముంజేతుల మీద నేరేడుపండు రంగు మచ్చలు తేలుతున్నాయి.

"కుర్చీ చెయ్యి తగిలుంటుంది," అన్నాడాయన.

"కుర్చీ చెయ్యి మోకాలి మీద కూడా తగిలిందా?" అంది వాసవాంబ. ఆ మాట అంటున్నప్పుడు ఆమె చూపు మొగుడి మీద లేదు. అన్నం గిన్నె పట్టుకుని నిలబడ్డ కోడలి మీద ఉంది. "నీ చేతి వడ్డనతోనే ఇవన్నీ. మునక్కాడలు వేడి అంటే విన్నావా? ఆవకాయలో నూనె తగ్గించమంటే విన్నావా?"

"డాక్టరు గారికి కబురు చేద్దాం అత్తయ్యా."

"చేద్దాంలే. ముందు ఇంటి సంగతి చూసుకోవాలిగా. రేపట్నుంచి ఆయన కంచం నేనే చూసుకుంటా. నువ్వు ముట్టుకోనక్కర్లేదు."

పరమేశ్వరికి చేతిలో గిన్నె బరువెక్కినట్టయింది. ఇంటికి కోడలుగా వచ్చిన రోజున మామగారి కంచంలో అన్నం వడ్డించే గరిటె ఆమె చేతికిచ్చింది ఈ అత్తగారే. ఇప్పుడు అది వెనక్కి తీసుకుంటోంది. తీసుకుంటే తీసుకుంది, ఎందుకో కూడా అందరి ముందూ చెప్పింది. రామకోటేశ్వరరావు తల వంచుకుని మజ్జిగ కలుపుకున్నాడు.

సూది దొరకలేదు. పరమేశ్వరి పక్కింటి సౌభాగ్యమ్మ దగ్గర ఒకటి అరువు తెచ్చుకుంది. వాసవాంబ కంచం చూసుకోవడం మొదలుపెట్టిన తర్వాత మచ్చలు తగ్గలేదు. పెరిగాయి. పళ్ళు తోముకున్న నీళ్ళలో ఎర్రటి జీర కనిపించింది. వాసవాంబ ఇంకా బెంగపడి, ఇంకా దగ్గరగా కూర్చుని వడ్డించసాగింది. విసనకర్రతో విసురుతూ, మొదటి ముద్ద తనే కలిపి చేతికిచ్చేది. ఆ సమయంలో కోడలిని వంటింట్లోంచి కదలనిచ్చేది కాదు. "పులుసు పొంగుతుంది చూడు," అనేది. పులుసు ఎప్పుడో దించి ఉండేది.

ఇంతలో మాత్రల సీసా సంగతి పరమేశ్వరి కంటపడింది.

ఆమె సీసా దేవుడి గూటి పక్కన అలమారలో ఉంటుంది. అందులో మాత్రలు ఉండాల్సిన దానికంటే తొందరగా తగ్గుతున్నాయని ముందే అనుమానం వచ్చింది. ఎలుకలు తీసుకుపోతాయా అనుకుంది. మూత బిగించి ఉండగా ఎలుక ఎలా తీస్తుంది? ఆ తర్వాత ఒక ఉదయం మూత తీసి చూస్తే సీసా నిండా ఉంది.

తగ్గితే ఎవరో తీశారనుకోవచ్చు. పెరిగితే ఏమనుకోవాలి?

మాత్రలను అరచేతిలో పోసుకుని కిటికీ దగ్గరికి వెళ్ళింది. కొన్ని తనవే. మిగిలినవి కాస్త పెద్దవి, రంగు కాస్త ముదురు. అంతకుముందు రోజు తను ఏది పిండుకుందో గుర్తు తెచ్చుకోబోతే గుర్తు రాలేదు.

ఆ రోజు మధ్యాహ్నం భర్త కొట్టు నుంచి రాగానే గదిలోకి పిలిచింది.

"ఏవండీ, నా సీసాలో ఎవరో వేరే మాత్రలు కలిపారు."

"ఎవరో అంటే?"

"ఈ ఇంట్లో ఉన్నది నలుగురం. మీరు కాదు, నేను కాదు. మామయ్య గారు అలమార దాకా నడిచి వెళ్ళరు."

రామకోటేశ్వరరావు మొహం బిగుసుకుంది. "అంటే మా అమ్మ నీకు మందు పెట్టిందంటావా?"

"నేనలా అనలేదు."

"అనకుండానే అన్నావు. ఆవిడ నీ ముద్ద మీద నెయ్యి పోసింది పరమేశ్వరీ!"

"నా చేతిలోంచి మీ నాన్నగారి కంచం లాక్కున్నదీ ఆవిడే. అప్పుడు మీరు మజ్జిగ కలుపుకున్నారు."

అతను మళ్ళీ కొట్టుకి వెళ్తూ గుమ్మం దగ్గర ఆగి, "డాక్టరు గారికి చూపించుకునే రోజొచ్చిందిగా. రేపు చిల్లకల్లు మీదుగా నందిగామ వెళ్ళే బస్సెక్కిస్తా. నాన్న మచ్చల సంగతి కూడా చెప్పు. ఆ మాత్ర కూడా చూపించు," అన్నాడు. అది ఒప్పుకోవడమో, తప్పించుకోవడమో ఆమెకి తెలియలేదు.

బయల్దేరుతుంటే వాసవాంబ వీధి గుమ్మంలో నిలబడి చూసింది. "మీ అమ్మ ఏవైనా పసర్లూ తాయెత్తులూ ఇస్తే ఈ ఇంటికి తేకు. ఇప్పటికి ఆయనకి జరిగింది చాలు," అంది. పరమేశ్వరి పర్సులో కాగితంలో చుట్టిన ముదురు రంగు మాత్ర ఉంది. ఎవరు ఎవరిని అనుమానిస్తున్నారో తలుచుకుంటే ఆమెకి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. బస్సు చిల్లకల్లు దగ్గర పెద్దరోడ్డు ఎక్కి, లారీల వెనక నెమ్మదిగా సాగుతున్నంతసేపూ ఒకటే ఆలోచన. ఇది విషమైతే ఆ ఇంటికి తిరిగి ఎలా వెళ్ళడం? విషం కాకపోతే ఆ అత్తగారి మొహం ఎలా చూడడం?

జగన్నాథరావు గారు తక్కువ మాట్లాడి ఎక్కువ అడిగే మనిషి. మాత్రని తెల్లకాగితం మీద పెట్టి, బ్లేడుతో కోసి, నూనెని వేలికి రాసుకుని వాసన చూశారు.

"ఇది నేను మీకు రాసింది కాదు."

"విషమా అండీ?"

ఆయన కళ్ళజోడు పైనుంచి చూశారు. "ఎవరన్నారు?"

"ఎవరూ అనలేదు. నాకే..."

"చూస్తే అదే విటమిన్ ఇ లాగుంది. బాగా పెద్ద మోతాదుది. బెజవాడ మందుల షాపుల్లో వస్తోంది. కానీ సీసా మీద చీటీ చూడకుండా నేను ఒట్టు పెట్టను. మీరు వేసుకున్నారా?"

"ఒకటో రెండో పడి ఉంటాయండీ. తేడా తెలిశాక మానేశా."

"ఒకటీ రెండూ పడితే మీకేం కాదు. మానేసి మంచిపని చేశారు. ఏమిటో తెలియంది మింగకూడదు. ఏమిటో తెలిసినా, ఎంతో తెలియకుండా మింగకూడదు." ఆయన కలం అందుకున్నారు. "ఇంట్లో ఇంకెవరైనా ఇవి వేసుకుంటున్నారా?"

"లేదండీ," అనబోయింది పరమేశ్వరి. మాట సగంలో ఆగిపోయింది.

పోయిన సూది. కలిపి చేతికిచ్చే మొదటి ముద్ద. ఎప్పుడో దించేసిన పులుసు. తన చేతిలోంచి కంచం పోయాక తగ్గాల్సిన మచ్చలు పెరగడం.

"మా మామయ్య గారికి ఒంటి నిండా కమిలిన మచ్చలొస్తున్నాయండీ. చిగుళ్ళ నుంచి నెత్తురు కూడా. ఆయన... ఆయన కంచంలో ఇది పడుతుంటే ఏమవుతుంది?"

డాక్టరు గారు కుర్చీలోంచి లేచారు. "ఆయన పలచబరిచే బిళ్ళ మీద ఉన్న మనిషమ్మా! ఇది మోతాదు మించితే రక్తం గడ్డకట్టే గుణాన్ని ఇంకా తగ్గిస్తుందని నాకు అనుమానం. ఇంకా ఎవరూ గట్టిగా తేల్చలేదు, కానీ ఆ మనిషి మీద తేల్చుకోవడానికి వీల్లేదు. లోపల ఎక్కడైనా కారితే మనకి తెలియను కూడా తెలియదు. ఇంటికి పోండి. బిళ్ళ కూడా ఆపండి. ఆ సీసానీ ఆయన్నీ ఇవాళే నా దగ్గరికి తీసుకురండి."

పరమేశ్వరి పుట్టింటి గుమ్మం తొక్కకుండానే తిరుగు బస్సు పట్టుకుంది.

ఇంటికి వచ్చేసరికి వసారాలో మనుషులున్నారు. దశరథరామయ్య పడక కుర్చీలో ఉన్నాడు. ముక్కు దగ్గర పట్టుకున్న తువ్వాలు ఎర్రగా తడిసి ఉంది. కబురందుకుని వచ్చిన రామకోటేశ్వరరావు తండ్రి భుజాలు పట్టుకుని నిలబడ్డాడు. వాసవాంబ ఒక చేత్తో విసనకర్ర విసురుతోంది, ఇంకో చేత్తో కళ్ళు తుడుచుకుంటోంది. కోడల్ని చూడగానే ఆమె గొంతు పగిలింది.

"వచ్చావా తల్లీ! చూడు, కళ్ళారా చూసుకో. నువ్వటు వెళ్ళావు, ఇటు ఇది మొదలైంది. ఆగడం లేదు. ఏం పెట్టావు ఆయనకి? ఏం కలిపావు?"

"అమ్మా!" అన్నాడు కొడుకు.

"నన్ను అమ్మా అనకు, దాన్నడుగు. దాని చేతి వంటతోనే ఆయన ఒళ్ళు ఇలా అయింది."

గుమ్మం దగ్గర నిలబడ్డ సౌభాగ్యమ్మ చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. పరమేశ్వరి చూపు విసనకర్ర మీద నిలిచిపోయింది. ఆ తాటాకు అంచుకి వాసవాంబ ఎర్రగుడ్డ పట్టీ కుట్టించుకుంది. విసురుతున్నప్పుడల్లా ఆ పట్టీలో ఏదో సన్నగా మెరిసి మాయమవుతోంది.

"అత్తయ్యా, ఆ విసనకర్ర ఇటివ్వండి."

"ఎందుకూ?"

పరమేశ్వరి తనే అందుకుంది. పట్టీలోంచి సూది లాగింది. వేళ్ళకి జిడ్డు తగిలింది. విసనకర్ర ఆగడంతో తువ్వాలు మీద ఈగ వాలింది.

"ఆ సీసా ఎక్కడుందత్తయ్యా?"

"ఏ సీసా?"

"మామయ్య గారి ముద్దలో పిండుతున్న మాత్రల సీసా."

"పరమేశ్వరీ, ఇప్పుడా ఈ గొడవ! టాక్సీకి మనిషిని పంపా, వచ్చేస్తుంది," అన్నాడు రామకోటేశ్వరరావు.

"ఇప్పుడే కావాలండీ. డాక్టరు గారు ఆ సీసా లేకుండా రావద్దన్నారు. ఆయన వేసుకునే బిళ్ళకీ దీనికీ పొత్తు కుదరదట. నెత్తురు ఆగదట." ఆమె గొంతు హెచ్చలేదు. "అత్తయ్యా, మీరు నన్ను ఏమన్నా తర్వాత అనండి. ముందు సీసా తీయండి."

వాసవాంబ మొహంలో రంగు పోయింది. గోడ పట్టుకుని లోపలికి వెళ్ళింది. కందిపప్పు డబ్బా మూత తీసిన చప్పుడు వినిపించింది. చేతులకి పప్పు పొట్టు అంటుకుని ఉండగా ఒక పెద్ద సీసా తెచ్చి కోడలి ముందు నేల మీద పెట్టింది.

"వరప్రసాదం తెచ్చిచ్చాడు," అంది. వరప్రసాదరావు ఆమె తమ్ముడు, బెజవాడలో ఉంటాడు. "నీ సీసా చూసి, ఇవి గుండెకీ కాళ్ళకీ కూడా వాడుతున్నారట అక్కా, పై దేశాల్లో మహా పేరట అన్నాడు. అయితే ఆయనకీ పడితే మంచిదే కదా అనుకున్నా. ముందు నీ సీసాలోవే తీసి ఆయనకి పోసే నెయ్యిలో పిండా. బిడ్డ కోసం నువ్వు వేసుకునేవి తీస్తున్నానే అని మనసు పీకింది. అందుకని వీటితో మళ్ళీ నింపా. అవీ ఇవీ ఒకటే అనుకున్నా. నెయ్యిలో కలిసేదేగా, మందేం కాదుగా అనుకున్నా."

"నాకు చెప్పొచ్చుగా!" అన్నాడు దశరథరామయ్య తువ్వాలు వెనకనుంచి.

"చెబితే మీరు వద్దంటారు. డాక్టరుకి చెబుతానంటుంది అది." ఆమె కింద కూలబడింది. "మచ్చలు చూసి నెత్తురులో సత్తువ తగ్గిందనుకున్నానండీ. అందుకే ఇంకోటి పెంచా. మచ్చలు పెరిగాయి. మళ్ళీ ఇంకోటి పెంచా. అప్పటికీ తగ్గకపోతే, నేను పెట్టేది బలమేగా, తప్పు ఇంకెక్కడో ఉందనుకుని... దాని మీద అనుమానం..."

బయట టాక్సీ హారన్ మోగింది.

నందిగామ వెళ్ళే దారంతా వాసవాంబ ముందుసీట్లో ఒదిగి కూర్చుంది. వెనక ఒక పక్క కొడుకు, ఇంకో పక్క కోడలు, మధ్యలో దశరథరామయ్య. పరమేశ్వరి ఒళ్ళో సీసా ఉంది. రోడ్డు గుంటల్లో పడ్డప్పుడల్లా మాత్రలు గలగలమంటే ముందుసీట్లోని భుజాలు ఉలిక్కిపడేవి. కోపం పరమేశ్వరికి లేకపోలేదు. సౌభాగ్యమ్మ ముందు అత్తగారు అన్న మాట ఇంకా చెవిలో ఉంది. డాక్టరు గారి ముందు ఏం చెప్పాలో వాక్యాలు వాటంతటవే కూడుతున్నాయి. వాటిలో ఒక్కటీ అబద్ధం కాదు.

జగన్నాథరావు గారు సీసా మీద చీటీ చదివి తల ఊపారు. దశరథరామయ్యని బల్ల మీద పడుకోబెట్టి, ముక్కులో దూది పెట్టి, ఇంజెక్షను ఇచ్చారు. తర్వాత చేతులు తుడుచుకుంటూ అందరి వైపూ తిరిగారు.

"దీన్ని ఈయనకి ఎవరు వేశారు?"

వాసవాంబ తల నేలకి వాలిపోయింది. రామకోటేశ్వరరావు గోడకున్న క్యాలెండరు చూస్తున్నాడు. కూడిన వాక్యాలన్నీ పరమేశ్వరి నాలుక చివర ఉన్నాయి. అత్తగారి చేతులకి ఇంకా అంటుకుని ఉన్న కందిపప్పు పొట్టు ఆమెకి కనిపించింది.

"మేమే వేశామండీ," అంది. "మా ఇంట్లో అందరం ఇది మందు కాదనుకున్నాం."

వాసవాంబ చటుక్కున తలెత్తింది. కోడలు ఆమె వైపు చూడలేదు.

"అది మీ ఒక్క ఇంట్లోనే కాదు," అన్నారు డాక్టరు గారు, కోపం కొంచెం దిగి. "బలం అనే ప్రతిదీ మందే. ఎంత, ఎవరికి, ఇంకే బిళ్ళతో కలిసి, అన్నవి అడక్కుండా పెడితే నెయ్యి కూడా అపకారమే. మీరు కషాయం తాగినా, పసరు తాగినా నాకు చెప్పి తాగండి. అమ్మాయ్, నీ సీసా పారెయ్. కొత్తది రాస్తా. మునుపటిలాగే ఒకటి, అన్నంతో. నేను ఆపమనే దాకానే."

ముక్కు నుంచి రక్తం ఆగింది. డాక్టరు గారు ఆయన్ని వెంటనే పంపలేదు. పరమేశ్వరి పుట్టింట్లో ఉంచి, పొద్దునా సాయంత్రం తనే వచ్చి చూసి, బెజవాడకి రక్తం పరీక్షకి పంపి, ఫలితం నచ్చాకే పాత బిళ్ళ మళ్ళీ మొదలుపెట్టించారు. మచ్చలు నీలం నుంచి ఆకుపచ్చకి, ఆకుపచ్చ నుంచి పసుపుకి దిగాయి. ఆ రోజులన్నీ వాసవాంబ వియ్యపురాలి ఇంట్లో మాట లేకుండా గడిపింది. ఒక మధ్యాహ్నం కోడలి తలకి నూనె పెడుతూ, "నన్ను చెప్పెయ్యొచ్చుగా ఆ రోజు," అంది.

"చెబితే మామయ్య గారి మచ్చలు తొందరగా తగ్గేవా అత్తయ్యా?"

వాసవాంబ చేతులు జుట్టులో ఆగిపోయాయి. కాసేపటికి పరమేశ్వరి మెడ మీద ఒక వెచ్చని చుక్క పడింది. అది నూనె కాదు.

జగ్గయ్యపేట ఇంటికి తిరిగొచ్చిన రోజు మధ్యాహ్నం కంచాలు రెండే పెట్టింది పరమేశ్వరి, ఎప్పటిలాగే. తండ్రీ కొడుకులు తిన్నాకే ఆడవాళ్ళు తినడం ఆ ఇంటి పద్ధతి. దశరథరామయ్య పీట మీద కూర్చుని కంచాల వైపు చూశాడు.

"ఇంకో రెండు పెట్టండి."

"ఎవరొస్తున్నారండీ?" అంది వాసవాంబ.

"మీరిద్దరూ. రండి, కూర్చోండి."

"మేం తర్వాత తింటాం లెండి. ఎప్పుడైనా అలా..."

"ఆ తర్వాత తినడంతోనే వచ్చింది చిక్కు. నా కంచంలో ఏం పడుతోందో అమ్మాయికి తెలీదు, అమ్మాయి కంచంలో ఏం పడుతోందో నాకు తెలీదు. మధ్యలో నన్ను నూనె మీద నూనె పోసి ఆవకాయ పెట్టేశావు. ఇంకో వారం ఉంటే జాడీలోకి ఎక్కించేదానివే."

ఆ మాటకి రామకోటేశ్వరరావు నవ్వాడు. ఆ తర్వాత అతనే లేచి, అలమారలోంచి రెండు కంచాలు తెచ్చి వేసి, తల్లి పీట వాల్చాడు. ఇల్లాలి పీట కూడా తనే వాల్చాడు. ఆ పని అతను చేయగా ఆ ఇంట్లో ఎవరూ చూసి ఉండరు.

నలుగురూ కూర్చున్నాక దశరథరామయ్య చెప్పాడు: "ఇవాళ్టి నుంచి ఈ ఇంట్లో ఒకటే పంక్తి. ఎవరి కంచంలో ఏం పడ్డా, బలానికైనా రుచికైనా, నలుగురూ వినేలా చెప్పే వెయ్యాలి. డాక్టరు ఎంతంటే అంతే."

వాసవాంబ రవిక అంచుకి గుచ్చుకున్న సూది తీసింది. ఆ ఒక్క సన్నసూదే. కోడలి వైపు చెయ్యి చాచింది.

పరమేశ్వరి అలవాటు కొద్దీ చూపు దించింది. "కింద పెట్టండి అత్తయ్యా."

"కింద పెట్టీ పెట్టీ ఏం ఆపగలిగాం? ఇక మన మధ్య కొత్తగా రావడానికి గొడవలేం మిగిలాయి గనక," అంది వాసవాంబ. "పట్టు."

సూది ఒక అరచేతిలోంచి ఇంకో అరచేతిలోకి మారింది. పరమేశ్వరి కొత్త సీసా మూత తీసి, ఒక మాత్ర పైకెత్తి అందరికీ చూపించింది. "ఒకటి," అంది.

"ఒకటే," అంది వాసవాంబ. ఆ ముద్ద మీద ధారగా నెయ్యి పోసి, గిన్నె తన దగ్గర పెట్టుకోకుండా కోడలి వైపు జరిపింది. తర్వాత మొగుడి వైపు తిరిగి, నలుగురూ వినేలా చెప్పింది.

"రేపట్నుంచి మీ కంచం మళ్ళీ అమ్మాయిదే. సౌభాగ్యమ్మని కూడా భోజనానికి పిలిచా. ఆవిడ ముందు అన్న మాట ఆవిడ ముందే వెనక్కి తీసుకుంటా."